చైనా కొండల బొమ్మల్లో పద్యం, తంత్రి, ఖాళీ జాగా

మీరు అడిగింది ఒక్క ప్రశ్నలా ఉన్నా అందులో మూడున్నాయి. మ్యూజియంలో చైనా కొండల బొమ్మలు చూశారు. వాటిమీద ఎవరెవరో పద్యాలు రాసి, ఎర్ర ముద్రలు గుద్ది, మంచి బొమ్మను పాడుచేసినట్టు మీకు అనిపించింది. అలా ఎందుకు చేశారన్నది మొదటి ప్రశ్న. బొమ్మకూ సంగీతానికీ దగ్గరి చుట్టరికం ఉందని గైడు అన్నాడు కానీ అదేమిటో చెప్పలేదు. అది రెండోది. పటంలో సగం ఖాళీగా ఉంటే ‘అదంతా తావో, జెన్, శూన్యతత్వం’ అని తేల్చేశాడు (తావో చైనా తత్వమార్గం, జెన్ ధ్యానం మీద నిలిచిన బౌద్ధశాఖ). అది నిజమేనా అన్నది మూడోది.

ఈ కళ చరిత్ర చాలాకాలంగా చదువుతూ, పాఠాలు చెబుతూ ఉన్నవాణ్ణి కాబట్టి కొంచెం పొడుగ్గానే చెబుతాను. మూడోదానికి జవాబు మాత్రం ముందే ఇచ్చేస్తాను: గైడు చెప్పింది సగమే నిజం. మిగతా సగంలో పోయిన ఉద్యోగాలున్నాయి, దూరప్రాంతాలకు తరిమివేతలున్నాయి, కూలిపోయిన రాజ్యాలున్నాయి. ఆ సగాన్ని వదిలేసి తత్వం ఒక్కటే చెబితే ఆ బొమ్మలు ధ్యానమందిరం గోడకు తగిలించే క్యాలెండర్లయిపోతాయి.

ముందు ఒక పద్యపాదం వినండి. 3వ శతాబ్దంలో జీ కాంగ్ అని ఒకాయన ఉండేవాడు. తత్వవేత్త, కవి, గుచిన్ వాయించడంలో దిట్ట. గుచిన్ అంటే ఒళ్ళో గానీ బల్లమీద గానీ పెట్టుకుని మీటే చైనా తంత్రీవాద్యం. ఆయన తన అన్నకు రాసిన పద్యాల్లో ఒకచోట ఇలా అంటాడు: కళ్ళు గూటికి మళ్ళే అడవిబాతుల్ని సాగనంపుతున్నాయి, చెయ్యి అయిదు తీగల మీద సాగుతోంది. దాదాపు నూటయాభై ఏళ్ళ తర్వాత గు కైజీ అనే చిత్రకారుడు ఈ పాదానికి బొమ్మ వేసే సంగతి మాట్లాడుతూ, ‘చెయ్యి తీగల మీద సాగడం గియ్యడం తేలికే, కళ్ళు బాతుల్ని సాగనంపడం గియ్యడమే కష్టం’ అన్నాడట.

మీ మూడు ప్రశ్నలూ ఈ ఒక్క ముచ్చటలో ఉన్నాయి. పద్యం ఉంది, వాద్యం ఉంది, కుంచె ఉంది. కనిపించే చేతిని ఎవరైనా గీస్తారు, కనిపించని చూపును ఎలా గీయాలి అన్న తత్వవేత్తల తగువు కూడా ఉంది. జీ కాంగ్ ఆ తగువును సంగీతంలోకి తెచ్చాడు. దేశం బాగుంటే పాటలో సంతోషం, చెడితే పాటలో దుఃఖం పలుకుతాయని కన్ఫ్యూషియస్ సంప్రదాయం చెప్పేది. నాదానికి సొంతంగా దుఃఖమూ లేదు, సంతోషమూ లేదు, అవి వినేవాడి మనసులోనివని జీ కాంగ్ ఒక వ్యాసమే రాశాడు. రసం నటుడిలో ఉందా, పాత్రలో ఉందా, ప్రేక్షకుడిలో ఉందా అని మన అలంకారికులు తర్కించుకున్నది తెలిసినవాళ్ళకు ఇది కొత్తగా ఉండదు. జీ కాంగ్‌ను పాలకులు చంపించారు. చంపే ముందు తన వాద్యం తెప్పించుకుని ‘గ్వాంగ్‌లింగ్ సాన్’ అనే రచన వాయించాడని చరిత్ర చెబుతుంది. 1960లో నాన్‌జింగ్ దగ్గర తవ్విన ఒక సమాధి గోడల మీద, ఇటుకల్లో అచ్చు వేసిన ఆయన బొమ్మ బయటపడింది. చెట్టు కింద కూర్చుని, ఒళ్ళో వాద్యంతో ఉంటాడు.

ఇక్కడ ఒక సంగతి పట్టుకోవాలి. చైనాలో కవిత్వం చిత్రకళను ‘ప్రభావితం చేసింది’ అనడం నాకు నచ్చదు. అలా అంటే రెండూ వేరువేరు ఇళ్ళలో ఉండి ఎప్పుడో కలుసుకున్నట్టు ఉంటుంది. చదువుకున్న అధికారుల వర్గంలో ఈ పనులన్నీ చేసేది ఒకే మనిషి. పద్యం రాసేది, దస్తూరి దిద్దేది, వెదురుకొమ్మ వేసేది ఒకే కుంచె, ఒకే సిరా. సాయంత్రం పక్కన తీగలు మీటేది కూడా అదే చెయ్యి. మరి గుడిగోడల మీద బొమ్మలు వేసిన పనివాళ్ళు, ఆస్థానంలో జీతానికి వేసిన చిత్రకారులు లేరా అంటే, వేలమంది ఉన్నారు. కానీ కళ చరిత్ర రాసింది ఈ అధికారులే. తమ పద్ధతే ఉత్తమమని రాసుకున్నారు. ఈ విషయం పక్కన పెట్టుకునే నేను చెప్పబోయేవన్నీ వినండి.

ఒక చోటును పట్టుకుని నడిస్తే అన్నీ తేలిగ్గా అర్థమవుతాయి. దక్షిణ చైనాలో, ఇప్పటి హునాన్ రాష్ట్రంలో, షియావ్, షియాంగ్ అని రెండు నదులు కలుస్తాయి. కలిసిన నీళ్ళు ఉత్తరంగా పోయి డోంగ్‌టింగ్ సరస్సులో పడతాయి. తేమ, పొగమంచు, వాన ఎక్కువ ఉన్న నేల. క్రీస్తుపూర్వమే రాజు నమ్మకం పోగొట్టుకున్న చూ యువాన్ అనే మంత్రి, కవి, ఆ ప్రాంతపు మీలువో నదిలో పడి చనిపోయాడు. అప్పటినుంచీ అది తరిమేసిన అధికారుల నేలగా పేరుపడింది.

805లో ల్యూ జోంగ్‌యువాన్ అనే యువ అధికారి అక్కడికొచ్చాడు. రాజధానిలో ఒక సంస్కరణల ముఠాలో ఉన్నాడు, ఆ ముఠా కొద్ది నెలల్లో కూలింది. రెండు నదులు కలిసే యోంగ్‌జౌ పట్నంలో పేరుకు మాత్రం ఒక ఉద్యోగం ఇచ్చి పదేళ్ళు పడేశారు. అక్కడ రాసిన ఇరవై అక్షరాల పద్యం చైనాలో బడిపిల్లలందరికీ కంఠతా వస్తుంది. దాని తాత్పర్యం:

వెయ్యి కొండల మీద పిట్ట ఎగరడం లేదు,
పదివేల దారుల్లో అడుగుజాడ లేదు.
ఒంటిపడవ, గడ్డి అంగరఖా, వెదురుటోపీ, ముసలాయన
మంచు కురిసే చలియేట్లో ఒక్కడే గాలం వేస్తున్నాడు.

మొదటి రెండు పాదాల్లో కవి ఏం చేశాడో చూడండి. వెయ్యి కొండలు చూపించి పిట్టల్ని తుడిచేశాడు. పదివేల దారులు పరిచి మనుషుల్ని తుడిచేశాడు. ఖాళీ ఊరికే ఉండదు, దాన్ని తయారుచేయాలి. ఇప్పుడు టోక్యో జాతీయ మ్యూజియంలో ఉన్న ఒక చిన్న పట్టు బొమ్మ తీసుకోండి. 12వ శతాబ్దం చివర్లో దక్షిణ సోంగ్ రాజవంశపు ఆస్థానంలో పనిచేసిన మా యువాన్ వేశాడని పేరు. మధ్యలో ఒక పడవ, ముందుకు వంగి గాలం వేస్తున్న మనిషి, పడవ చుట్టూ నాలుగైదు అలల గీతలు. అంతే. కొండల్లేవు, మంచు లేదు, ఒడ్డు లేదు. పద్యం తెలిసినవాడి కంటికి మాత్రం ఆ పట్టు ఖాళీలో వెయ్యి కొండలూ ఉంటాయి. కవి తుడిచినవాటిని చిత్రకారుడు పటంలోకే రానివ్వలేదు. గాలానికి తిప్పుడు గిలక మాత్రం జాగ్రత్తగా గీశాడు. చేపల గాలానికి గిలక కనిపించే తొలి బొమ్మల్లో దీన్ని ఒకటిగా చెబుతారు. ‘శూన్యం’ గీసినాయన గిలక మరచిపోలేదన్నది నాకు భలే ఇష్టమైన సంగతి.

అదే నదుల మీద, 11వ శతాబ్దంలో సోంగ్ డి అనే అధికారి ఎనిమిది దృశ్యాలు వేశాడు. ఇసుకతిన్నె మీద దిగే బాతులు, దూరతీరం నుంచి మళ్ళే తెరచాప, నదీ ఆకాశమూ కలిసిన సాయంకాలపు మంచు, సరస్సు మీద శరత్కాల చంద్రుడు, షియావ్ షియాంగ్ మీద రాత్రి వాన, పొగమంచు గుడి నుంచి సాయంత్రపు గంట లాంటివి. ఒక్కో పేరూ నాలుగే అక్షరాలు. చివర చెప్పిన రెంటినీ చూడండి. రాత్రి వానను, గంట మోతను ఎలా గీస్తారు? కష్టం కాబట్టే అవి జాబితాలో ఉన్నాయి. ఆ బొమ్మల్ని జనం ‘చప్పుడు లేని పద్యపాదాలు’ అనేవారట. హ్వేహోంగ్ అనే బౌద్ధ భిక్షువు మంచి కవి. తోటి భిక్షువొకడు ఆయన్ని ఆటపట్టిస్తూ, ‘మరి తమరు చప్పుడున్న బొమ్మలు వేయగలరా?’ అని అడిగాడు. జవాబుగా ఆయన ఎనిమిది దృశ్యాలకూ తలో పద్యం కట్టాడు. 13వ శతాబ్దంలో ముచి అనే భిక్షువు వేసినట్టు చెప్పే గంట బొమ్మ ఇప్పుడు టోక్యోలో ఉంది. అందులో గంట ఉండదు. పలచటి సిరాలో పొగమంచు, చెట్ల నీడలు, మధ్యలో గుడి కప్పు అంచు తేలీతేలకుండా ఉంటాయి. మోత ఎంతదూరం పోయిందో పొగమంచు అంతదూరం పోయినట్టుంటుంది.

సంగీతం దగ్గరికి వద్దాం. 13వ శతాబ్దంలో మంగోలులు దక్షిణ సోంగ్ రాజ్యాన్ని నమిలేస్తున్న రోజుల్లో గువో చూవాంగ్ అనే గుచిన్ విద్వాంసుడు అదే ప్రాంతానికి చేరాడు. అక్కడి జియూయీ కొండల్లో పురాణకాలపు ధర్మప్రభువు షున్ సమాధి ఉందని నమ్మకం. ఆ కొండల్ని చూద్దామనుకున్నప్పుడల్లా రెండు నదుల మీది మబ్బులు అడ్డం వచ్చేవి. తన బెంగను అందులో పెట్టి ‘షియావ్ షియాంగ్ నీళ్ళు, మబ్బులు’ అనే రచన చేశాడు. 1425లో మింగ్ రాజకుమారుడు జూ చువాన్ అచ్చువేయించిన స్వరసంపుటిలో ఈ రచన ఉంది, పైన చెప్పిన సంగతీ దాని ముందుమాటలోదే. మంచి రాజు కనపడకుండా మబ్బు కమ్మిందన్న అర్థం అప్పటి శ్రోతలకు విప్పి చెప్పనక్కర్లేదు. చూశారుగా, నాలుగు వందల ఏళ్ళకు పైగా ఒకే నీళ్ళ మీద పద్యం, బొమ్మ, మళ్ళీ పద్యం, చివరికి తీగలు. ప్రతివాడూ ముందువాడు వదిలిన దగ్గర అందుకున్నాడు.

ఆ వాద్యం ఎలా పలుకుతుందో తెలిస్తే బొమ్మల్లో ఖాళీ ఇంకా బాగా అర్థమవుతుంది. గుచిన్ దాదాపు నాలుగడుగుల పొడుగు చెక్కపెట్టె. ఏడు తీగలు. జీ కాంగ్ పద్యంలో అయిదన్నది పాతకాలపు లెక్క. మన వీణకున్నట్టు మెట్లు లేవు, స్థానాలు తెలియడానికి పక్కన పదమూడు చుక్కలు పొదిగి ఉంటాయి. 20వ శతాబ్దం దాకా తీగలు పట్టుతో పేనేవారు, కాబట్టి శబ్దం చాలా చిన్నది. సభలో వెనక వరసకు వినపడదు. తనకోసమో, ఎదురుగా కూర్చున్న ఒక్క మిత్రుడికోసమో వాయించుకునే వాద్యం అది. మూడు రకాల నాదాలు పలుకుతాయి. ఊరికే మీటితే వచ్చేది భూమి, తీగను తాకీతాకకుండా మీటితే గంటలా వచ్చేది ఆకాశం, ఎడమచేత్తో నొక్కిపట్టి జారిస్తే వచ్చేది మనిషి అని పాతవాళ్ళు పేర్లు పెట్టారు. ఈ మూడోది మన గమకానికి దగ్గర బంధువు. తేడా ఒక్కటే. కుడిచెయ్యి ఒకసారి మీటాక ఎడమచేతి వేలు తీగ మీద జారుతూనే ఉంటుంది, నాదం సన్నగిల్లి ఆగిపోయాక కూడా జారుతుంది. చూస్తున్నవాడికి వేలు కదలడం కనిపిస్తుంది, చెవికి ఏమీ అందదు. ఆ వేలి కదలికను మనసు పూర్తి చేసుకుంటుంది. మా యువాన్ పడవ చుట్టూ ఉన్న నీళ్ళు సరిగ్గా అలాంటివే. మహానాదం చెవికి అందదు, మహారూపానికి ఆకారం లేదు అన్న తావో గురువు లావోజీ మాటను ఎవరైనా మీకు గంభీరంగా చెబితే, ఆ వేలును తలుచుకోండి.

స్వరలిపి కూడా తమాషాగా ఉంటుంది. ఏ తీగ, ఏ వేలు, ఏ చుక్క దగ్గర, మీటాలా జార్చాలా అన్నవన్నీ గుత్తిగా కలిపిన ఒక అక్షరంలో చెబుతుంది. ఎంతసేపు అన్నది చెప్పదు. తాళం రాయలేదు. పాత రచనను మళ్ళీ పలికించాలంటే విద్వాంసుడు నెలలు, కొన్నిటికి ఏళ్ళు కూర్చుని లయను తానే తేల్చుకోవాలి. గ్వాన్ పింగ్‌హూ (1897–1967) ఈ పనిలో మహా ఘనుడు. జీ కాంగ్ పేరుతో ముడిపడిన ‘గ్వాంగ్‌లింగ్ సాన్’ను మళ్ళీ పలికించిన వాళ్ళలో ఒకడు. ఆయన తండ్రి చింగ్ ఆస్థాన చిత్రకారుడు, ఆయన కూడా బొమ్మలు వేసేవాడు. ఒకే చెయ్యి అని ఇందాక అన్నది పాతకాలపు ముచ్చట మాత్రమే కాదన్నమాట. 1977లో అమెరికా వాళ్ళు వాయేజర్ నౌకల్లో పంపిన బంగారుపూత రికార్డులో చైనా తరఫున ఉన్నది ఆయన వాయించిన ‘పారే నీళ్ళు’. సుమారు ఏడున్నర నిమిషాలు. బో యా అనే వాద్యకారుడు కొండను మనసులో పెట్టుకుని మీటితే జోంగ్ జీచీ అనే మిత్రుడు ‘ఎంతెత్తు కొండ!’ అనేవాడట, నదిని తలుచుకుంటే ‘ఎంత వెడల్పు నీళ్ళు!’ అనేవాడట. మిత్రుడు పోయాక బో యా తీగలు తెంపేసి మళ్ళీ వాయించలేదు. ఆ రచన మూలం ఈ కథే.

కొండల బొమ్మలకు సంబంధించి మనకు దొరికే మొదటి వ్యాసాల్లో ఒకటి రాసిన జోంగ్ బింగ్ (375–443) కూడా వాద్యకారుడే. బౌద్ధుడు. తిరిగినంతకాలం కొండలన్నీ తిరిగి, ముసలితనంలో కదల్లేక తాను చూసిన కొండల్ని ఇంటి గోడల మీద గీసుకున్నాడు. పడుకునే యాత్ర చేస్తానన్నాడు. ‘నేను తీగలు మీటితే ఈ కొండలన్నీ మారుమోగాలి’ అన్నాడని ఆయన జీవితచరిత్రలో ఉంది. బొమ్మకూ పాటకూ చుట్టరికం ఏమిటన్న మీ రెండో ప్రశ్నకు ఇంతకంటే మంచి జవాబు నా దగ్గర లేదు.

ఇక శూన్యం సంగతి. లావోజీ చెప్పిన బండిచక్రపు కుంభం తెలుసుగా, ముప్ఫై ఆకులు కలిసేచోట ఖాళీ ఉంటేనే బండి నడుస్తుంది. ఆ ఆలోచన చిత్రకారుల్లో ఉంది, కాదనను. బౌద్ధం వైపు నుంచి వచ్చిన శూన్యతకు మాత్రం మన కృష్ణాతీరంతో చుట్టరికం ఉంది. సంప్రదాయం ఈ లోయతో ముడిపెట్టే నాగార్జునుడి మధ్యమక శాస్త్రాన్ని 5వ శతాబ్దం మొదట్లో చాంగాన్ నగరంలో కుమారజీవుడు చైనా భాషలోకి తెచ్చాడు. వైశాలి గృహస్థు విమలకీర్తి సూత్రాన్నీ ఆయనే అనువదించాడు. టాంగ్ కాలపు కవి, చిత్రకారుడు వాంగ్ వే ఆ విమలకీర్తి పేరునే తన పేరుగా పెట్టుకున్నాడు. సంగీత శాఖలో ఉద్యోగం కూడా చేశాడు. వెదురుతోపులో ఒంటరిగా కూర్చుని మీటుకుంటుంటే చంద్రుడొక్కడే వచ్చి పలకరించాడని పద్యం రాశాడు. ఆయన పద్యాల్లో బొమ్మలున్నాయి, బొమ్మల్లో పద్యాలున్నాయి అని మూడు వందల ఏళ్ళ తర్వాత కవి, అధికారి సు షి (1037–1101) అన్న మాట ఈ విషయం మీద రాసే ప్రతివాడూ ఎత్తుకుంటాడు. విచిత్రమేమంటే వాంగ్ వే చేతి బొమ్మ ఒక్కటీ మిగల్లేదు. పద్యాలు మిగిలాయి, వాటినుంచే బొమ్మల్ని ఊహించుకుంటున్నాం.

‘నిశ్చలంగా ఉంటే అన్ని కదలికలూ తెలుస్తాయి, ఖాళీగా ఉంటే అన్ని లోకాలూ పడతాయి’ అని ఒక భిక్షువుకు రాసిన పద్యంలో సు షి చెప్పాడు. పద్యం బాగా రావాలంటే ఏం చేయాలన్న సందర్భంలో చెప్పిన మాట అది. శూన్యం ఆయనకు సిద్ధాంతం కంటే ముందు ఒక పనిముట్టు.

అయితే ఖాళీ ఉంటేనే చైనా బొమ్మ అనుకోవద్దు. తైపేలోని జాతీయ ప్యాలెస్ మ్యూజియంలో ఫాన్ క్వాన్ వేసిన ‘కొండలు, వాగుల నడుమ ప్రయాణికులు’ ఉంది. 1000 సంవత్సరం ప్రాంతపుది, రెండు మీటర్ల ఎత్తు. పైభాగమంతా ఒకే ఒక్క కొండ, రాయి రాయిగా నింపేశాడు. అడుగున చీమలంత కంచరగాడిదల బారు. అదే మ్యూజియంలో 1072 నాటి గువో షి ‘తొలి వసంతం’ కూడా ఉంది. గువో షి మాటల్ని కొడుకు పుస్తకంగా కూర్చాడు. పెద్ద కొండ చిన్న కొండల నడుమ కొలువుతీరిన చక్రవర్తిలా ఉండాలని అందులో ఉంది. ఇది తావో కాదు, ఇది కన్ఫ్యూషియస్ కొలువు. ఆ బొమ్మ వేలాడింది కూడా ఆస్థానంలోనే. తర్వాత సోంగ్ రాజులకు ఉత్తరభూమి పోయి, రాజధాని హాంగ్‌జౌకు దిగివచ్చాకే మా యువాన్ లాంటివాళ్ళు ఒక మూల గీసి మిగతాది వదిలేసే పద్ధతికి పేరుపడ్డారు. మిగిలిన ముక్కదేశానికి ఈ ముక్కబొమ్మలు అని ఎత్తిపొడిచిన తర్వాతివాళ్ళూ ఉన్నారు. నేను అంతదూరం పోను గానీ, ఆ మాట పుట్టిందంటే ఖాళీని అందరూ మోక్షంగా చదవలేదనే కదా.

బొమ్మల మీద రాతల సంగతి మొదటే అడిగారు. మొదట్లో రాసేవారు కాదు. ఫాన్ క్వాన్ తన పేరును ఆకుల మధ్య దాచేశాడు, 1958లో గానీ ఎవరి కంటా పడలేదు. మలుపు తిప్పిన వాళ్ళలో హ్వేజోంగ్ చక్రవర్తి ముఖ్యుడు (పాలన 1100–1126). ఆయన చిత్రశాలలో చేరాలంటే పరీక్షలో ఒక పద్యపాదం ఇచ్చేవారు. మన అవధానంలో సమస్యాపూరణం లాంటిదే, కాకపోతే పూరించాల్సింది కుంచెతో. ‘అడవి కొండల్లో దాగిన పాతగుడి’ అని ఇచ్చారు. చాలామంది గోపురం కొసో, కప్పు మూలో చూపించారు. గెలిచినవాడు గుడినే గీయలేదు. పటమంతా కొండలు నింపి, పైకి ఒక్క ధ్వజస్తంభం తేల్చాడు. ‘దాటేవారు లేని ఏట్లో రోజంతా అడ్డంగా ఒక పడవ’ అని మరో ప్రశ్న. మిగతావాళ్ళు ఖాళీ పడవ మీద కొంగనో కాకినో వాల్చారు. మొదటివాడు పడవవాణ్ణే గీశాడు, పనిలేక వెనకవైపు పడుకుని పిల్లనగ్రోవి పట్టుకున్నట్టు. లేనివాడు పడవవాడు కాదు, ప్రయాణికుడు అని పాదాన్ని సరిగా చదివింది వాడొక్కడే.

అధికారులు ఈ చిత్రశాలను కొంచెం చిన్నచూపు చూసేవారు. అచ్చంగా పోలి ఉందా అని బొమ్మను కొలిచేవాడి తెలివి చిన్నపిల్లల తెలివి అన్నాడు సు షి. యువాన్ అనే మంగోలు రాజవంశపు కాలంలో చిత్రకారుడు జావ్ మెంగ్‌ఫు రాళ్ళను ఒక రకం రాతగీతతో, చెట్లను మరో రకం రాతగీతతో గీయాలని తన బొమ్మ చివరే పద్యంగా రాశాడు. అక్షరం గీత, కొమ్మ గీత ఒకటే అయినప్పుడు పద్యం పటంలోకి రావడం చొరబాటు ఎలా అవుతుంది? అది మరో కొమ్మ. మంగోలుల పాలనకు లొంగని జెంగ్ సీషియావ్ 1306లో వేసిన సిరా ఆర్కిడ్ ఒసాకాలో ఉంది. మొక్కకు నేల లేదు. మట్టి ఏదని అడిగితే ‘పరాయివాళ్ళు ఎత్తుకుపోయారు, మీకు తెలియదా?’ అన్నాడట. ఈ ఖాళీలో మీ గైడు చెప్పిన జెన్ ఎక్కడుంది?

నీ జాన్ అనే చిత్రకారుడి సంగతి ఇంకా బాగుంటుంది. 1372లో ఒకరికి నది, ఆవలి గుట్టలు, ఈవల కొన్ని చెట్లు, ఖాళీ పందిరి వేసి ఇచ్చాడు. రెండేళ్ళకు అదే మనిషి పటం పట్టుకొచ్చి, దీన్ని ఒక వైద్యుడికి కానుకిస్తాను, పద్యం రాసిపెట్టమన్నాడు. నీ జాన్ మళ్ళీ కుంచె పట్టి ఆ బొమ్మ మీదే రాశాడు. ఇప్పుడు ఆ పటాన్ని పిలిచేది ఆ వైద్యుడి నివాసానికున్న పేరుతోనే. అంటే బొమ్మ పూర్తయ్యే రోజంటూ లేదు. ఉత్తరంలా చేతులు మారుతుంది, ప్రతి చేతిలోనూ నాలుగు మాటలు చేరతాయి. ఎర్ర ముద్రలు ఆ చేతుల జాడలు.

మీ విసుగులో న్యాయం ఉందని కూడా ఒప్పుకుంటాను. 18వ శతాబ్దపు చియాన్‌లోంగ్ చక్రవర్తికి ఎక్కడ తెల్లజాగా కనిపిస్తే అక్కడ రాసే జబ్బుండేది. హ్వాంగ్ గోంగ్‌వాంగ్ 1350లో ముగించిన ‘ఫూచున్ కొండల నివాసం’ అనే చుట్టపటానికి ఒక నకలు దొరికితే అసలనుకుని దాని మీద యాభైకి పైగా రాతలు రాశాడు. అసలుది వచ్చాక అది నకిలీ అని తేల్చాడు. అలా అసలు బతికిపోయింది. దానికి అంతకుముందే వేరే గండం గడిచింది. 1650లో దాని యజమాని చనిపోతూ తనతోపాటు కాల్చమంటే, నిప్పుల్లోంచి లాగేసరికి రెండు ముక్కలైంది. ఒక ముక్క హాంగ్‌జౌలో, రెండోది తైపేలో ఉన్నాయి. 2011లో తైపేలో పక్కపక్కన పెట్టి చూపించారు.

రాత, బొమ్మ, చెవి, నీతి అన్నీ ఒకేచోట కావాలంటే జెంగ్ షియే (1693–1766) వెదురు చూడండి. షాన్‌డోంగ్‌లో వే జిల్లా అధికారిగా ఉండగా కరువొచ్చింది. పై అధికారికి ఒక వెదురు బొమ్మ పంపుతూ దాని మీద పద్యం రాశాడు. దాని భావం: ఆఫీసు గదిలో పడుకుని వెదురాకుల గలగల వింటుంటే జనం బాధల మొరలా అనిపిస్తోంది. మేం జిల్లా స్థాయి చిన్న ఉద్యోగులం, అయినా ప్రతి కొమ్మా ప్రతి ఆకూ మా మనసును తాకుతుంది. చూడ్డానికి కానుక. చదివితే విజ్ఞాపన.

చైనా భాష రాకపోతే ఇవన్నీ చూడలేమా అన్న భయం వద్దు. రాతను చదవలేకపోయినా కుంచె ఎక్కడ ఆగింది, ఎక్కడ పరుగెత్తింది, ఎక్కడ సిరా ఆరిపోయింది అన్నది కంటికి తెలుస్తుంది. సు షి 1082 ప్రాంతంలో, హ్వాంగ్‌జౌలో శిక్ష అనుభవిస్తూ రాసిన ‘చద్దిభోజనాల పండగ’ పద్యాల పటంతో మొదలుపెట్టండి. అది మూడో ఏడు, వాన, ఇల్లు పడవలా ఊగుతోంది, పొయ్యిలో తడి రెల్లు. అక్షరాలు మొదట బుద్ధిగా, చిన్నగా నడుస్తాయి. పోనుపోను లావెక్కుతాయి, కొన్ని తోకలు కిందిదాకా సాగుతాయి. వెనకాల శిష్యుడు హ్వాంగ్ టింగ్‌జియాన్ మెచ్చుకోలు గురువు అక్షరాలకంటే పెద్ద అక్షరాల్లో ఉంటుంది, అది కూడా గమనించండి.

చుట్టపటాన్ని కుడి నుంచి ఎడమకు, ఒకసారికి ఒక చేతి పొడుగంత మాత్రమే చూడాలి. మ్యూజియం వాళ్ళు మొత్తం పరిచేయడం వల్ల ఈ నడక పోతుంది. వేలాడే పటాన్ని ముందు దూరం నుంచి, తర్వాత అడుగున ఉన్న మనుషుల దగ్గర నుంచి పైకి చూడండి. పట్టు వెలుతురుకు పాడవుతుంది కాబట్టి ఫాన్ క్వాన్, గువో షి పటాలను అరుదుగానే బయటపెడతారు. పనిగట్టుకుని తైపే వెళ్ళేవాళ్ళు ముందే విచారించుకోవడం మంచిది. ఇంట్లో కూర్చుని చూడాలంటే ఆ మ్యూజియం వెబ్‌సైటులో పెద్ద సైజు ఫొటోలు ఉచితంగా దించుకోవచ్చు. ఫోన్‌లో కాకుండా కంప్యూటర్‌లో తెరవండి. గ్వాన్ పింగ్‌హూ ‘పారే నీళ్ళు’ ఇంటర్నెట్‌లో దొరుకుతుంది. దాన్ని మాత్రం ఇయర్‌ఫోన్లతో వినండి, లేకపోతే సగం నాదం ఫ్యాను చప్పుడులో పోతుంది.